హన్నమ్మ వంతు

నారాయణఖేడ్ బస్టాండ్ ముందు ఒక ఆడబిడ్డ ఆమరణ నిరాహార దీక్షకు కూర్చుందనీ, ఆమె ప్రాణానికి తన ప్రాణం అడ్డు వేస్తాననీ నియోజకవర్గ ఇన్‌చార్జ్ మాణిక్యప్ప ఒక గురువారం ఉదయం విలేకరుల సమావేశంలో ప్రకటించారు. ఆ సమయానికి ఆ ఆడబిడ్డ బస్టాండ్ పక్క హోటల్లో రెండు ఇడ్లీలు తిని, మూడోదానికి చట్నీ అడుగుతోంది. ఆమె ఎదురుగా కూర్చుని చాయ్ తాగుతున్నది నేనే కాబట్టి ఈ సంగతి ఖాయంగా చెప్పగలను.

ఆమె పేరు నిస్సీ. మనూర్ దగ్గరి పల్లె వాళ్లది. హైస్కూల్లో నా దగ్గరే చదివింది. పాఠం చెప్తుంటే నోట్సు అంచుల్లో నా బొమ్మ వేసేది. బొమ్మలో నాకు జుట్టు ఎక్కువ ఉండేది కాబట్టి ఏమీ అనేవాణ్ణి కాదు. తర్వాత హైదరాబాద్ పోయి, అక్కడి నుంచి బరోడా పోయి, కళ చదివి, ఢిల్లీలో పేరు తెచ్చుకుని, చాలా యేళ్లకు తిరిగి వచ్చింది.

"ఇప్పుడేం చేస్తున్నవమ్మా?" అని వచ్చిన కొత్తలో అడిగాను.

"ఐడెంటిటీ మీద పని చేస్తున్న సార్. పర్ఫార్మెన్స్, వీడియో, ఇన్‌స్టలేషన్."

పర్ఫార్మెన్స్ అనే మాట మా శాఖలో ఇన్‌స్పెక్షన్ అప్పుడే వినిపిస్తుంది. అందుకని కొంచెం సర్దుకుని కూర్చున్నాను. నిస్సీ వివరించింది.

"రెండు కుర్చీలు ఏస్త సార్. ఒకదాంట్ల నేను కూసుంట. ఎవలకన్న ఎవలితోనన్న మాట్లాడాలని ఉంటది గదా, ఆ మనిషి బట్ట తెస్తరు. నేను అది మీద ఏసుకొని ఆ మనిషినై కూసుంట. వాళ్లు చెప్పాలనుకున్నది చెప్తరు."

"నువ్వేమంటవు?"

"ఏమనను."

"మరి ఐడెంటిటీ?"

"గదే సార్. గంత మందిని ఏసుకున్నంక మిగిలేది ఏందో చూద్దామని."

నాకు అర్థమైంది. అర్థం కాలేదు కూడా. టీచరుగా ఈ రెండూ ఒకేసారి జరగడం నాకు అలవాటే.

అవి 2011లో తెలంగాణ కోసం సాగిన సకల జనుల సమ్మె రోజులు. బస్సులు బంద్, బడులు బంద్, ఆఫీసులు బంద్. ప్రతి చౌరస్తాలో ఒక టెంటు, ప్రతి టెంటులో ఒక రిలే దీక్ష. వకీళ్లదొకటి, ఆర్టీసీ వాళ్లదొకటి, మా టీచర్లదొకటి. మా టెంటులో నిరసన ఉదయం నుంచే తీవ్రంగా ఉండేది. మధ్యాహ్నం క్యారమ్ బోర్డు వచ్చాక మరింత తీవ్రమయ్యేది. ఆ యేడు నేను ఆటల్లో కూర్చోలేదు. ఇంట్లో ఎదురుచూసే మనిషి లేక, తొందరగా పోవలసిన పని కూడా ఉండేది కాదు. అందుకని నిస్సీ టెంటు దగ్గరే ఎక్కువగా కనిపించేవాణ్ణి.

అవును, ఆమె కూడా టెంటే వేసింది. ఎండకు వేసింది. టెంటులో తాడు కట్టి, పల్లెల్లో అడిగి తెచ్చుకున్న పాత చీరలు, పంచెలు, రుమాళ్లు వేలాడదీసింది. ఒక మూల టీవీ పెట్టింది. అందులో మా చుట్టుపక్కల మనుషుల ముఖాలు ఒకదాని తర్వాత ఒకటి, మాటా పలుకూ లేకుండా కనిపిస్తుంటాయి. కాసేపు చూసినవాళ్లు "క్రికెట్ పెట్టరాదూ?" అని అడిగేవారు. కరెంటు ఎక్కువసేపు ఉండేది కాదు. అప్పుడు నల్లటి టీవీలో ఎవరి ముఖం వాళ్లకే కనిపించేది. అది కూడా కళలో భాగమేనంది నిస్సీ. ఆ లెక్కన కరెంటు ఆఫీసు వాళ్లు కూడా కళాకారులే.

టెంటు ముందు ఒక బోర్డు:

"ఈ కుర్చీలో ఎవరైనా కూర్చోవచ్చు. కూర్చున్నవాళ్లు మాట్లాడకూడదు. ఎదుటివాళ్లు తెచ్చిన బట్టను కాదనకూడదు."

బుధవారం, మొదటి రోజు, కొద్దిమందే వచ్చారు. కల్హేర్ నుంచి ఒకాయన చనిపోయిన తండ్రి తలరుమాలు తెచ్చి, నిస్సీ తలకు చుట్టి, పొలం పంపకం గురించి చాలాసేపు తిట్టి, చివరికి కాళ్లు మొక్కి పోయాడు. ఒకామె భర్త లుంగీ తెచ్చింది. భర్త బతికే ఉన్నాడు. ఆమె వెనకాలే నిలబడ్డాడు.

"గీ ముచ్చట నాకే చెప్తే కాదా?" అన్నాడు.

"నువ్వు ఇంటవా?" అంది ఆమె, వెనక్కి తిరక్కుండానే.

నేనూ ఒక సంచి పట్టుకుని పోయాను. అందులో ఏముందో ఈ కథకు అవసరం లేదు. సాయంత్రం సంచి తిరిగి ఇంటికి తెచ్చుకున్నాను.

టెంటు ఉంది, అందులో ఒక ఆడపిల్ల పొద్దున పది నుంచి సాయంత్రం అయిదు దాకా ఏమీ తినకుండా, ఏమీ మాట్లాడకుండా కూర్చుంది, జనం వచ్చి ఎదురుగా కూర్చుని కండ్లు తుడుచుకుని పోతున్నారు. ఆ నెలలో మా పట్టణంలో దీన్ని చూసినవాళ్లకు రెండో అర్థం తోచదు. బుధవారం సాయంత్రానికే ఎవరో వచ్చి ఆమె మెడలో బంతిపూల దండ వేసిపోయారు. గురువారం ఉదయానికి ఇన్‌చార్జ్ గారి ప్రకటన వెలువడింది.

మాణిక్యప్ప గారి గురించి పాఠకులకు నాలుగు మాటలు చెప్పాలి. మనూర్, సిర్గాపూర్, కల్హేర్ పల్లెల్లో హైదరాబాద్ చూడని ఇల్లు లేకుండా చేసిన మహానుభావుడాయన. రాజకీయాల్లోకి రాకముందు లేబర్ మేస్త్రీ. వచ్చాక కూడా సేవ మానలేదు. తెల్లవారకముందే ఆయన డీసీఎం బండి, అంటే చిన్న లారీ, పల్లె మొగదల ఆగి హారన్ కొడుతుంది. పిల్లలు ఉరికి ఎక్కుతారు. హైదరాబాద్‌లో అద్దాల మేడల ఏ అంతస్తు చూసినా మా వాళ్ల చెయ్యి పడే ఉంటుంది. పోయినవాళ్లలో ఎవరైనా తమంతట తాము తిరిగి రాలేకపోతే, అదే బండిలో ఇంటి ముందుకు తెచ్చి అప్పగిస్తారు. డీజిల్ కూడా అడగరు.

విలేకరుల సమావేశం ముగించుకుని ఆయన నేరుగా టెంటుకు వచ్చారు. వెంట శంకరప్ప. శంకరప్ప డిగ్రీ చదివాడు. మాణిక్యప్ప గారికి ఏదైనా మాట తెలియకపోతే దాని అర్థం, తెలిస్తే దాని ఫ్లెక్సీ, రెండూ చూసుకునేది అతనే. ఇంకా పది కాలేదు. నిస్సీ మాట్లాడవచ్చు.

"బిడ్డా, నీ డిమాండ్ ఏంది?" అన్నారు మాణిక్యప్ప.

"డిమాండ్ ఏం లేదన్నా. ఇది ఆర్ట్."

"ఆర్ట్ గీర్ట్ తర్వాత. దేని గురించి కూసున్నవో గది చెప్పు."

"ఐడెంటిటీ గురించి."

ఆయన శంకరప్ప వైపు చూశారు.

"అస్తిత్వం అన్నా," అన్నాడు శంకరప్ప.

"అస్తిత్వమా!" మాణిక్యప్ప గారి కండ్లు మెరిశాయి. "మనం కొట్లాడేదంతా గా అస్తిత్వానికే గదా!"

"ఒక రకంగా అంతే గానీ..." అంది నిస్సీ.

శంకరప్ప 'అంతే' వరకు రాసుకున్నాడు.

మధ్యాహ్నానికి టెంటు మీద ఫ్లెక్సీ లేచింది. 'అస్తిత్వ ఆమరణ దీక్ష'. మాణిక్యప్ప గారి ఫొటో నిలువెత్తున ఉంది. దీక్షాపరురాలి ఫొటో సమయానికి దొరకలేదట. సాయంత్రానికి జనరేటర్ వచ్చింది, కుర్చీలు వచ్చాయి, మైకు వచ్చింది. ఇవన్నీ ఇన్‌చార్జ్ గారివే. టెంటు మాత్రం ఇంకా నిస్సీదే.

"ఏందమ్మా ఇది?" అన్నాను, అయిదు దాటాక.

"వాళ్లు నా పనిని తీసుకుంటున్రు సార్. నేను వాళ్లను వీడియో తీస్తున్న. చూద్దాం ఎవలు ఎవలిని ఏసుకుంటరో." నవ్వింది. నవ్వుతూ స్టాండు మీది కెమెరాను ఫ్లెక్సీ వైపు తిప్పింది.

ఆ సాయంత్రమే హన్నమ్మ వచ్చింది.

మనూర్ అవతల పల్లె. బస్సులు లేవు కాబట్టి సగం దూరం షేర్ ఆటోలో, సగం దూరం నడిచి వచ్చింది. ఒక చేతిలో సద్ది గిన్నె, చంకలో మడత పెట్టిన అంగీ. నీలం గళ్ల అంగీ. కాలర్ మీద సిమెంటు మరక, ఉతికినా పోలేదు.

"ఈడ బట్ట తెస్తే మనిషిని చూపెడ్తరంట గదా?" అంది.

"చూపెట్టరవ్వా. కూసుంటరు, గంతే," అన్నాను.

"గది చాలు సార్."

అంగీ ఆమె కొడుకు కాలేబుది. పోయిన ఎండాకాలం హైదరాబాద్‌లో, సగం లేచిన మేడ మీది నుంచి పడ్డాడు. నిస్సీ ఆమెను కుర్చీలో కూర్చోబెట్టి నీళ్లిచ్చింది. హన్నమ్మ నీళ్లు తాగి, గిన్నె ఒళ్లో పెట్టుకుని చెప్పింది.

"పెంక మీద రొట్టె ఉండె. హారన్ కొట్టిండ్రు. తిని పోరా కొడకా అన్న. బండి పోతదమ్మా అని ఉరికిండు. రొట్టె పెంక మీదనే ఉండె. మల్ల గదే బండ్ల వచ్చిండు." గిన్నె మూత నొక్కింది. "ఇగ ఆనికి చెప్పేది ఏం లేదు బిడ్డా. రొట్టె తినిపిస్త. పుంటికూర పప్పు చేసిన. ఎక్కువ సేపు పట్టదు."

నిస్సీ అంగీని రెండు చేతులతో పట్టుకుంది.

"ఇయ్యాల టైం అయిపోయిందవ్వా. రేపు రా. నేను తింట."

ఈ మాట మైకు సరిచేస్తున్న శంకరప్ప చెవిన పడింది. అరగంటలో మాణిక్యప్ప గారు దిగారు.

"తింటవా? దీక్షల కూసొని రొట్టె తింటవా?"

"నేను దీక్షల కూసోలేదన్నా."

"నువ్వు కూసోకపోతే మరి నేను సంఘీభావం ఎవలికి చెప్పిన? పేపర్ల వచ్చింది. టీవీల వచ్చింది. గియ్యాల కూసోలేదంటే నా ఇజ్జత్ ఏం గావాలె?"

ఈ ప్రశ్నకు జవాబు బరోడాలో చెప్పినట్టు లేదు.

"ఎవలన్నరు తినొద్దని?" మాణిక్యప్ప గారు గొంతు తగ్గించారు. ఆయన మనసు మెత్తన. "శనివారం మన పార్టీ పెద్దాయన వస్తుండు, హైదరాబాద్ నుంచి. నిమ్మరసం ఇచ్చి విరమింపజేస్తడు. నిమ్మరసం తాగినంక మొట్టమొదలు ఈ ముసలమ్మ రొట్టెనే తిను. నేనే దగ్గరుండి తినిపిస్త. ముందు నిమ్మరసం, తర్వాత రొట్టె. ఎక్కడైనా పద్ధతి గదే."

నిస్సీ హన్నమ్మ వైపు చూసింది.

"శనివారమే గదా," అంది హన్నమ్మ. "గన్ని నెలలు ఆగిన."

మర్నాడు మాత్రం ఆమె మళ్లీ వచ్చింది. పెద్దాయన ముందే వస్తే ఎట్లా అని రొట్టె కూడా తెచ్చింది. శుక్రవారం సాయంత్రం దాకా గిన్నె టెంటులో, అందరి కండ్ల ముందే ఉండడం దీక్ష పవిత్రతకు మంచిది కాదని, ఆ రొట్టెను శంకరప్ప స్వయంగా నిర్మూలించాడు.

"నా కొడుకు రొట్టె నువ్వెందుకు తిన్నవ్రా?" అంది హన్నమ్మ.

"దీక్ష భంగం గావొద్దని అవ్వా."

"మరి ఉప్పు సరిపోయిందా?"

"జర తక్కువైంది."

శనివారం ఆమె ఉప్పు సరిచేసి తెచ్చింది. పెద్దాయన రాలేదు. జహీరాబాద్‌లో ఇంకెవరికో నిమ్మరసం ఇవ్వవలసి వచ్చిందట. సోమవారం ఖాయమన్నారు. ఉప్పు ఈసారి సరిపోయిందన్నాడు శంకరప్ప. సోమవారం మంగళవారమైంది.

ఈలోగా ప్రతి ఉదయం ఆర్ఎంపీ డాక్టరు వచ్చి నిస్సీకి బీపీ చూసేవాడు. ఆమె తొమ్మిదింటికి హోటల్లో టిఫిన్ చేస్తుంది, రాత్రి ఇప్పుడు ఖేడ్‌లోనే ఉంటున్న తండ్రి అహరోను ఇంట్లో అన్నం తింటుంది. బీపీ ఎట్లా ఉండాలో అట్లాగే ఉండేది. నాలుగో రోజు బులెటిన్ దగ్గర చిన్న చర్చ జరిగింది.

"నార్మల్," అన్నాడు డాక్టరు.

"గట్ల రాస్తే ఎట్ల? ఆందోళనకరం అని రాయి," అన్నాడు శంకరప్ప.

"నార్మల్ ఉంటే ఆందోళన ఏందన్నా?"

చివరికి ఇద్దరికీ నచ్చేలా రాశారు. 'ఇన్ని రోజులైనా బీపీ నార్మల్‌గా ఉండడం వైద్యులకు తీవ్ర ఆందోళన కలిగిస్తోంది.' మరునాడు అన్ని పేపర్లలో వచ్చింది. మా టీచర్ల టెంటులో క్యారమ్ ఆపి మరీ రెండు నిమిషాలు ఆందోళన చెందాం.

సోమవారం సాయంత్రం హన్నమ్మ ఖాళీ గిన్నె తీసుకుని లేచింది. ఆ రోజు ఆటో దొరకక పూర్తిగా నడిచే వచ్చింది. మోకాలు పట్టుకుని లేస్తుంటే నిస్సీ చూసింది. మాణిక్యప్ప గారి ముందే చెప్పింది.

"అవ్వా, రేపు పది గంటలకు నీ వంతు. నిమ్మరసం వచ్చినా, రాకున్నా."

"బిడ్డా..." అన్నారు మాణిక్యప్ప.

"అన్నా, నువ్వు గా ఫ్లెక్సీ పెట్టుకున్నవ్, నేనేమన్లే. మైకు పెట్టుకున్నవ్, ఏమన్లే. గీ అవ్వ రొట్టె మాత్రం తింట."

గొప్ప నాయకులు కోపంలో మాట్లాడరు. మాణిక్యప్ప గారు ఫోన్ తీసుకుని పక్కకు పోయారు.

మంగళవారం తొమ్మిదిన్నరకు 108 అంబులెన్స్ వచ్చి టెంటు ముందు ఆగింది. ఇద్దరు కార్యకర్తలు స్ట్రెచర్ దించారు. నిస్సీ అప్పుడే హోటల్ నుంచి మూతి తుడుచుకుంటూ వస్తోంది.

"నాకేం కాలేదు!" అంది.

"గదే బిడ్డా. ఏమన్న కాకముందే పోవాలె," అన్నారు మాణిక్యప్ప, ఆమె తల మీద చెయ్యి వేసి. ఆయన కండ్లలో నిజంగానే నీళ్లు ఉన్నాయి. చుట్టూ చేరిన జనం "జిందాబాద్" అన్నారు. ఆ జిందాబాద్‌లో నిస్సీ చెప్పేది ఎవరికీ వినబడలేదు. ఖేడ్ దవాఖాన అయితే పరిస్థితి సీరియస్‌గా కనబడదని బండిని సంగారెడ్డికి పంపారు. తలుపు వేస్తుంటే ఆమె నా వైపు, తర్వాత కెమెరా వైపు చూసింది. కెమెరా మీద ఎర్ర లైటు వెలుగుతోంది. ఆపమందో, ఆపొద్దందో నాకు తెలియలేదు. నేను దాన్ని ముట్టుకోలేదు.

అంబులెన్స్ మలుపు తిరిగిందో లేదో, శంకరప్ప ఫోన్ మోగింది.

"అన్నా! పెద్దాయన బయలెల్లిండట. గంటల ఖేడ్ దాటుతడట. చానెల్ వాళ్లు కూడ వస్తున్రు."

మాణిక్యప్ప గారు ఖాళీ కుర్చీని చూశారు.

"మరి నిమ్మరసం ఎవలికిస్తడు?"

శంకరప్ప బోర్డు చదివాడు.

"ఎవరైనా కూర్చోవచ్చు అని రాసిందన్నా."

ఆ విధంగా నియోజకవర్గ ఇన్‌చార్జ్ మాణిక్యప్ప, ఆస్పత్రి పాలైన ఆడబిడ్డ ఆశయాన్ని భుజాన వేసుకుని, తెల్ల లాల్చీతో, నొసట విభూతితో దీక్షా స్థానంలో ఆసీనులయ్యారు. మెడలో దండ పడింది. చానెల్ నుంచి వచ్చిన అమ్మాయి బోర్డు చూసి, మైకు పట్టుకుని, "కూర్చున్నవాళ్లు మాట్లాడకూడదన్నది ఈ మౌన దీక్ష నియమం. మాణిక్యప్ప గారు ప్రస్తుతం మౌనంలో ఉన్నారు," అని చెప్పింది. ఏదో చెప్పబోయిన మాణిక్యప్ప గారు నోరు మూసుకున్నారు. ఆమరణ దీక్ష అంతలోనే మౌన దీక్ష కూడా అయినందుకు జనం చప్పట్లు కొట్టారు. శంకరప్ప నిమ్మకాయలు కోయడానికి టెంటు వెనక్కి పోయాడు. అతను అక్కడే ఉంటే జరిగింది జరిగేది కాదేమో.

సరిగ్గా అప్పుడే హన్నమ్మ వచ్చింది.

దండలు, కెమెరాలు, జనం చూసి గుమ్మంలో ఆగింది. కుర్చీని చూసింది. చాలాసేపు చూసింది. తర్వాత నా దగ్గరికి వచ్చింది.

"సార్, ఇయ్యాల నా వంతేనా?"

"నీ వంతే అవ్వా," అన్నాను. అది నిజం కాబట్టి అన్నాను.

ఆమె పోయి ఎదుటి కుర్చీని ముందుకు జరుపుకుని కూర్చుంది. చంకలోని అంగీ విప్పి, దులిపి, మాణిక్యప్ప గారి భుజాల మీద వేసింది. ఒక చెయ్యి దూర్చింది. రెండో చెయ్యి కూడా దూర్చమన్నట్టు చేత్తో తట్టింది. ఆయన బోర్డు వైపు చూశారు, చానెల్ కెమెరా వైపు చూశారు, చెయ్యి దూర్చారు. అంగీ ఆయనకు చాలలేదు. గుండీలు పెట్టడానికి హన్నమ్మ ప్రయత్నించి, వదిలేసింది.

"లావైనవ్ కొడకా," అంది.

జనంలో ఎవరో కిసుక్కుమన్నారు. ఆమె తల తిప్పి చూసింది. నవ్వు ఆగిపోయింది.

గిన్నె మూత తీసింది. రొట్టె ఇంకా వెచ్చగానే ఉన్నట్టుంది. ముక్క తుంచి పప్పులో అద్ది, ఎందుకో ఆగింది.

"కండ్లు మూసుకో. ప్రార్థన చేయకుండ ఎట్ల తింటవ్?"

మాణిక్యప్ప గారు కండ్లు మూసుకున్నారు. విభూతి నొసటి మీద ఆమె ఎడమ చెయ్యి పెట్టింది. పెదవులు కదిలాయి. టెంటులో చాలామంది కండ్లు మూసుకున్నారు. చానెల్ అమ్మాయి కూడా మైకు దించింది. "ఆమేన్" అన్నది హన్నమ్మ. వెనక నుంచి నలుగురైదుగురు "ఆమేన్" అన్నారు.

మాణిక్యప్ప గారు కండ్లు తెరిచి, తాను దీక్షలో ఉన్నానని ఆమెకు చెప్పడానికి నోరు తెరిచారు. తెరిచిన నోట్లో ఆమె రొట్టె పెట్టింది.

ఆయన నమలలేదు. కొంతసేపు అట్లాగే పెట్టుకున్నారు. ఆమె మరో ముక్క తుంచి పట్టుకుని ఎదురు చూసింది. అప్పుడు నమిలారు. రెండో ముక్క పెట్టింది. మూడోది.

"పుంటికూర నీకిష్టమని చేసిన," అంది. "ఉప్పు సరిపోయిందా?"

ఆయన తల ఊపారు.

"నెమ్మదిగ తిను. బండి తొందర లేదు. నేను ముందుగాలనే చెప్పాలె, చెప్పలే. మాణిక్యప్ప బండి ఎక్కకు బిడ్డా. ఆడికి పోతే ఏముంది? గా మేడలన్ని మనయా? ఆయన తీస్కపోతడు, తెస్తడు. తెచ్చినప్పుడు కూడ మంచిగనే తెచ్చిండు, గుడ్డ కప్పి తెచ్చిండు. నాకు ఆయన మీద కోపం లేదు. నువ్వు మాత్రం ఎక్కకు."

మాణిక్యప్ప గారి దవడ కదలడం ఆగింది. నోటి నిండా రొట్టె ఉంది. చుట్టూ మూడు కెమెరాలున్నాయి, నిస్సీది కూడా కలిపితే నాలుగు. ఆయన నోరు తెరవలేదు. నియమాన్ని ఇంత నిష్ఠగా పాటించిన నాయకుణ్ణి నా సర్వీసులో చూడలేదు.

అప్పుడు సంగారెడ్డి రోడ్డు వైపు నుంచి హారన్ వినిపించింది. ఒకటి కాదు. కాన్వాయ్. తెల్లబండ్లు వరసగా వస్తున్నాయి. శంకరప్ప నిమ్మరసం గ్లాసు పట్టుకుని టెంటు ముందుకు ఉరికాడు. "అన్నా, వచ్చిండు! పెద్దాయన వచ్చిండు!"

మాణిక్యప్ప గారు కుర్చీలోంచి సగం లేచారు.

హన్నమ్మ ఆయన భుజం మీద చెయ్యి వేసింది. గట్టిగా ఏమీ నొక్కలేదు. ముసలామె చెయ్యి, అంత బలం ఉండేది కాదు.

"హారన్ కొట్టనియ్ కాలేబూ. పోతే పోనియ్. తిను."

ఆయన కూర్చున్నారు.

హారన్‌లు దగ్గరికి వచ్చాయి, టెంటు ముందు నుంచి పోయాయి, దూరమయ్యాయి. ఏ బండీ ఆగలేదు. ఎండుగడ్డీ కాగితాలూ కొంచెం లేచి పడ్డాయి. ఫ్లెక్సీ ఒక మూల ఊడి కొట్టుకుంది. శంకరప్ప రోడ్డు మధ్యలో గ్లాసు చాపి నిలబడే ఉన్నాడు. తర్వాత అటూ ఇటూ చూసి, నిమ్మరసం తాగేశాడు.

లోపల హన్నమ్మ గిన్నె అడుగున మిగిలిన పప్పును చివరి ముక్కతో తుడిచి పెట్టింది. కొంగుతో ఆయన మూతి తుడిచింది. అంగీ విప్పుకుని, దులిపి, మడత పెట్టుకుంది. "ఇగ మంచిది," అని ఎవరితోనో అని, ఖాళీ గిన్నె తీసుకుని పోయింది. ఆ రోజు ఆటోలో పోయింది. నేనే ఎక్కించాను.

మరునాడు పేపర్లో వచ్చిన వార్త ఇది: 'ఒక వృద్ధురాలి గోడును ఇన్‌చార్జ్ మాణిక్యప్ప మౌనంగా ఆలకించారు.' పత్రికల్లో అన్నీ అబద్ధాలే రాస్తారనేవాళ్లతో నేను ఏకీభవించను.

నిస్సీ సంగారెడ్డి దవాఖానలో గ్లూకోజు ఎక్కించుకుని రెండు రోజులకు వచ్చింది. కెమెరాలో ఉన్నదంతా ఒక్కతే కూర్చుని చూసింది. చూశాక చాలాసేపు టెంటులోంచి బయటికి రాలేదు. టెంటు విప్పే రోజు "సార్, మీ సంచి?" అని అడిగింది. ఇంకోసారి అన్నాను.

ఆ వీడియోను మరుసటి యేడు ఢిల్లీలో ఒక పెద్ద గ్యాలరీలో చూపించారు. గోడ నిండా మాణిక్యప్ప గారి ముఖం, నీలం గళ్ల అంగీ, భుజం మీద ముసలి చెయ్యి. జనం వచ్చి నిలబడి చూసి, ఏమీ మాట్లాడకుండా పోయేవారట. ఈ కబురు మా దాకా వచ్చింది. ఇన్‌చార్జ్ గారు ఎంతో సంతోషించారు. ఢిల్లీలో అన్ని రోజులు ఎవరూ కదలకుండా తనను చూడడం ఇదే మొదటిసారని అందరికీ చెప్పారు. శంకరప్ప ఆ వీడియోలోంచే ఒక బొమ్మ తీయించి బస్టాండ్ ముందు ఫ్లెక్సీ కట్టించాడు. 'ఢిల్లీ గడ్డపై మా అన్న మౌన గర్జన.' బొమ్మలో అన్న నోటి నిండా రొట్టె ఉంది.

ఫ్లెక్సీ ఇంకా అక్కడే ఉంది. ఈ మధ్య నాకు తెల్లవారకముందే మెలకువ వస్తోంది. అటువైపు నడక పోతాను. డీసీఎం ఇప్పుడు ఆ ఫ్లెక్సీ కిందే ఆగుతుంది. మనూర్ నుంచి వచ్చిన పిల్లలు అక్కడే బస్టాండ్ గద్దె మీద వరసగా కూర్చుని సద్ది విప్పుకుంటారు.

డ్రైవర్ హారన్ కొడుతూనే ఉంటాడు. వాళ్లు తింటూనే ఉంటారు.